ముడివేసిన కవర్లు

మా భోజనాల బల్ల మీద ఉప్పు డబ్బా పక్కనే ఇప్పుడు నెబ్యులైజర్ ఉంటుంది. మొదట్లో వాడగానే దాన్ని తుడిచి, అట్టపెట్టెలో పెట్టి, బీరువాలో దాచేదాన్ని. వచ్చినవాళ్ళ కంట పడకూడదని కాదు. బయటే ఉంచితే అది మా ఇంటి వస్తువైపోయిందని నేను ఒప్పుకున్నట్టు అవుతుందని. వానాకాలం వెళ్ళాక దాచడం మానేశాను.

పాపకి మూడో ఏడు నడుస్తోంది. దగ్గు మొదలైతే ముందు దాని గొంతు కింద చిన్న గుంట పడుతుంది, తరవాత పక్కటెముకల మధ్య పడుతుంది. గౌను పైకెత్తి ఆ గుంటలు చూస్తూ కూర్చోవడం నాకిప్పుడు బాగా అలవాటైన పని. అమలాపురంలో పిల్లల డాక్టరుగారు ప్రతిసారీ మందులు రాశాక ఒకటే మాట అంటారు.

"పొగకి దూరంగా ఉంచండమ్మా."

మా ఇల్లు కాలువ గట్టు మీద ఉంది. కాలువకి అవతల కొబ్బరితోట, తోట వెనక పంచాయతీవారి చెత్త షెడ్డు. షెడ్డు వెనక నుంచి మురుగుకాలువ దాకా చెత్త తగలబెట్టే దిబ్బ. సాయంత్రం సముద్రం వైపు నుంచి గాలి తిరిగిందంటే దిబ్బ మీద పొగ తిన్నగా మా వరండాలోకి వస్తుంది. దూరం అంటే ఎక్కడికండీ అని డాక్టరుగారిని అడగాలనిపించేది. ఇల్లు మారదామా అని మా ఆయనని అడిగాను. ఆయన ఓడలరేవు వైపు కాంట్రాక్టు కింద షిఫ్టుల్లో పనిచేస్తారు. డ్యూటీ బట్టలు విప్పుతూ, "ఏ ఊరెళ్ళినా ఆ ఊరికో దిబ్బ ఉంటుంది కదా" అన్నారు. చిరాకు పడి అన్నది కాదు. ఆలోచించే అన్నారు. అందుకే నాకు ఇంకా దిగులేసింది.

కిందటి వేసవికి ముందు మా ఊరి చెత్త బండికి కెమెరా పెట్టారు.

ఏదో కంపెనీ వాళ్ళు కొన్ని ఊళ్ళు ఎంచుకుని చేస్తున్న ప్రయోగం అది. కమ్యూనిటీ హాల్లో మీటింగు పెట్టి, విశాఖ నుంచి వచ్చిన ఒక కుర్ర ఇంజినీరు వివరంగా చెప్పాడు. బ్యాటరీ బండి మీద, చెత్త వేసే చోటికి ఎదురుగా, కెమెరా ఉంటుంది. మనం వేసినది తడి చెత్తో పొడి చెత్తో అందులోని కృత్రిమ మేధ చూసి చెబుతుంది. ప్రతి ఇంటి గుమ్మానికీ ఒక క్యూఆర్ కోడ్ అంటిస్తారు. సరిగ్గా వేరుచేసి ఇస్తే బండి మీద ఆకుపచ్చ దీపం, కలిపేసి ఇస్తే ఎర్ర దీపం. అదే ఫోనుకీ వస్తుంది. తడిది ఎరువుల తొట్లలోకి, పొడిది కొనేవాళ్ళ లారీలోకి వెళ్ళిపోతాయి.

"రెండూ కలవకుండా వస్తే తగలబెట్టడానికి మిగిలేదే ఉండదండి" అన్నాడు ఆ అబ్బాయి.

నేను ఆ మాట పట్టుకున్నాను. డిగ్రీలో కంప్యూటర్లు చదివినదాన్ని, యంత్రానికి నేర్పడమంటే ఏమిటో కొంచెం తెలుసు. వేల బొమ్మలు చూపించి ఇది ఇదీ, అది అదీ అని చెబుతూ పోతే అది పోలికలు పట్టుకుంటుంది. మీటింగు అయ్యాక పక్కవాళ్ళకి నేనే విడమరిచి చెప్పాను. చెబుతుంటే ఆ బండి మా పాప కోసమే వస్తున్నట్టు అనిపించింది.

మొదటి రోజులు నవ్వులాటగా గడిచాయి. ఆ యంత్రం ఎక్కడి చెత్త చూసి నేర్చుకుందో గాని కోనసీమ చెత్త ఎన్నడూ చూడలేదు. మా బండి ఆవిడ, అంటే చెత్త బండి నడిపే ఆవిడ, రోజూ ఒక కబురు మోసుకొచ్చేది.

"నిన్న కొబ్బరి పీచు డొక్కల్ని చూసి చెప్పులు అన్నాదండి. ఇయ్యాల అరటిదొప్పని చూసి పైపు అన్నాది. ఎర్రదీపం ఆరితే ఒట్టు."

"మరి ఏం చేశారు?" అన్నాను.

"ఏం చేత్తామండి, కొత్త కోడలు కదా అని ఊరుకున్నాం. మనూరు దానికింకా అలవాటు పడలేదు."

వరండాలో బెండకాయలు కోస్తున్న మా అత్తగారు తలెత్తకుండానే అందుకున్నారు. "కొత్త కోడలికి ఏం, చెప్పగా చెప్పగా దారిలో పడుతుంది. పాతబడిన కోడళ్ళతోనే వస్తుంది తంటా."

"ఆయ్, అదీ నిజమేనండి" అని బండి ఆవిడ నా వైపు చూసి నవ్వింది.

నిజంగానే యంత్రం దారిలో పడింది. ఇంజినీరు అబ్బాయి మా తోటల్లో తిరిగి డొక్కలు, మట్టలు, గెలలు, దొప్పలు అన్నీ ఫొటోలు తీసుకువెళ్ళి దానికి చూపించాడు. కొన్ని వారాల్లో తప్పులు ఆగిపోయాయి. ఊరంతా ఆకుపచ్చే. పాప ఆ బండికి కన్నుబండి అని పేరు పెట్టింది. బండి పాట వినబడగానే తినే ముద్ద వదిలేసి గేటు దగ్గరికి పరిగెత్తేది. దీపం వెలగగానే చప్పట్లు కొట్టి, అది తన కోసమే వెలిగిందన్నట్టు మా అందరి వైపూ తిరిగి చూసేది.

ప్రయోగం జరుగుతున్న ఊళ్ళన్నింటిలోకీ మాదే మొదటి స్థానం అన్నారు. పంచాయతీ ముందు ఫ్లెక్సీ కట్టారు.

పొగ మాత్రం ఆగలేదు. ఆగకపోగా రకం మారింది. పూర్వం మంట భగ్గున లేచి గంటలో చల్లారేది. ఇప్పుడు మంట లేదు, తెల్లగా, నేలబారుగా, పుల్లటి వాసనతో పొగ. పడుకున్నదేదో ఊపిరి తీస్తున్నట్టు పొద్దుగూకే వరకూ వస్తూనే ఉండేది. పాప గొంతు కింద గుంట వారం తిరక్కుండానే మళ్ళీ పడింది.

ఒక ఉదయం పాపని అత్తగారికి అప్పగించి, వంతెన దాటి షెడ్డుకి వెళ్ళాను. ఎరువుల తొట్లు దాదాపు ఖాళీగా ఉన్నాయి. పొడి చెత్త గది మాత్రం పైకప్పు దాకా నిండిపోయి, గుమ్మంలోంచి నల్లటి నీరు కారుతోంది. పొడి గదిలోంచి నీరేమిటని దగ్గరికి వెళ్ళి చూశాను. లోపలంతా ముడివేసిన కవర్లు. తెల్లవి, నల్లవి, బట్టల షాపులవి, చేపల మార్కెట్టువి. కుందేలు చెవుల్లా రెండు కొసలు నిలబడేలా వేసిన ముడి మా అత్తగారిది. దాన్ని వెతుక్కోకుండానే గుర్తుపట్టాను. విప్పితే నిన్నటి అన్నం, ఆనపకాయ తొక్కు, చేప ముళ్ళు. దాని పక్కనే రెండు కవర్లు తొడిగి నేను గట్టిగా కట్టిన పాప డైపర్లు.

"కొనేవాడు వచ్చి ముక్కు మూసుకుని వెళ్ళిపోతన్నాడండి" అంది బండి ఆవిడ. "ఇంకెక్కడ పెట్టమంటారు? వెనక్కి తోసి అంటించేత్తన్నాం."

ఇది మా వైపు వాళ్ళకి తప్ప బోధపడని సంగతి. ఎంగిలి ఎవరి చేతికీ విప్పి ఇవ్వం. తిన్న ఆకు అయినా మడిచే లేస్తాం. పూర్వం ఆ మడిచిన ఆకులు దొడ్లో గోతిలోకి వెళ్ళేవి. ఇప్పుడు చెత్త తీసుకోవడానికి ఒక మనిషి గుమ్మం దాకా వస్తోంది. ఆ మనిషి ముందు మెతుకులూ ముళ్ళూ గుమ్మరించడం మర్యాద కాదు కాబట్టి తడి చెత్త బకెట్లో కూడా కవరే ఉంటుంది, కవరుకి ముడి ఉంటుంది. ఆ ముడి ఆవిడకి ఇచ్చే గౌరవం. కెమెరాకి కనిపించేది కవరు. కవరంటే ప్లాస్టిక్కు, ప్లాస్టిక్కంటే పొడి. దీపం ఆకుపచ్చ. బండి ఆవిడ కెమెరా చెప్పిన అరలో వేసేది. ఆవిడకి ఇచ్చిన ట్రైనింగు అదే.

ఇంటికి వచ్చి అత్తగారితో చెప్పాను. "కవరు లేకుండా బకెట్టుతో ఇచ్చేద్దామండీ అత్తయ్యగారూ, రేపటి నుంచి."

"ఎంగిలి మెతుకులా? బండి ఆవిడ మొహం మీదా?" అన్నారు ఆవిడ. "ఆవిడా మనలాంటి మనిషే కదమ్మా."

ఎదురింట్లో రిటైరైన టీచరుగారు ఉంటారు. ఆదివారం చర్చి నుంచి వస్తూ పాపకి ఏదో ఒకటి తెచ్చిపెట్టకుండా ఉండరు. ముందు ఆవిడని ఒప్పిస్తే వీధంతా ఒప్పుకుంటుందని వెళ్ళాను. అంతా శ్రద్ధగా విన్నారు.

"మీరు చదువుకున్నవారమ్మా, మీరు చెబితే కాదంటానా. కానీ రాత్రి చేపల కూర ముళ్ళు ఆవిడ కళ్ళముందు బోర్లించానంటే మా అమ్మ నన్ను కొడుతుంది."

"మీ అమ్మగారు ఎక్కడుంటారండీ?"

"పోయేరు. అయినా కొడతారు."

నవ్వొచ్చింది నాకు. ఆ నవ్వుతోనే బయటికి వచ్చేశాను. బండి ఆవిడతో చెబితే ఆవిడ కూడా టీచరుగారి పక్షమే. ముడేసి ఇస్తే చేతులు పాడవ్వవండి, విప్పి ఇచ్చేవాళ్ళని చూస్తే మాకే అదోలా ఉంటాదండి అంది.

మనుషులకి చెప్పలేనిది యంత్రానికి చెబుదామనుకున్నాను. ఇంజినీరు అబ్బాయికి ఫోను చేశాను. ఆ అబ్బాయి షెడ్డుకి వచ్చి, పొడి గదిలోంచి ఒక కవరు తీసి బండి కెమెరా ముందు పట్టుకున్నాడు.

"తప్పు దానిది కాదు మేడం. కవరు కనిపిస్తోంది, కవరు అంటోంది."

"లోపల తడి ఉన్న కవరు వేరేగా ఉంటుంది కదండీ. కింద బరువుకి దిగుతుంది. లోపలివైపు చెమ్మ పడుతుంది. మనకి తెలుస్తున్నప్పుడు దానికి తెలియదా?"

"చూపిస్తే తెలుస్తుంది. ఎవరో ఒకరు చూపించాలి."

నేనే చూపించాను. పాప టిఫిన్ తిన్నాక వంతెన దాటి వెళ్ళడం, బండి తెచ్చిన కవర్లు ఒక్కొక్కటీ ఫొటో తీయడం, విప్పి లోపల ఏముందో చూడడం, ఆ అబ్బాయి ఫోనులో వేసి ఇచ్చిన యాప్‌లో ముడి తడి, ముడి పొడి, ముడి డైపరు అని గుర్తు పెట్టడం. ఊరి వాళ్ళ ఎంగిలి అంతా చూశాను. ఎవరింట్లో కూర మాడిందో, ఎవరింట్లో పెద్దవాళ్ళు అన్నం వదిలేస్తున్నారో తెలిసిపోయేది. ఇంటికి రాగానే తలంటుకుంటే తప్ప అత్తగారు పాపని ఇచ్చేవారు కాదు. అయినా ఎన్నాళ్ళకో నా చదువు ఒక పనికి వచ్చిందన్న సంతోషంతో ఆ వేసవి గడిచింది.

యంత్రం నేర్చుకుంది. కొత్త కోడలి కంటే త్వరగా నేర్చుకుంది. ఒక సోమవారం ఉదయం కవరు పడగానే ఎర్ర దీపం వెలిగింది. మా ఇంటికే మొదట. పాప ఏడ్చింది.

తరవాత వీధి వీధంతా ఎరుపు. మొదటి స్థానం పోయింది. పంచాయతీవారు ఎర్ర దీపం వచ్చిన ఇంటి యజమానుల పేర్లు ఊరి వాట్సాప్ గ్రూపులో పెట్టడం మొదలుపెట్టారు. చెత్త గురించి తన పేరు పదిమందిలో పడడం మా ఊళ్ళో మనిషికి చిన్న సంగతి కాదు. టీచరుగారి పేరు కూడా పడింది. ఆవిడ కొన్నాళ్ళు బయటికి రాలేదు. వచ్చిన రోజు వీధికి అవతలే నిలబడి, "పాపకి దగ్గు నెమ్మదించిందా అమ్మా?" అని అడిగారు. మాటలో తేడా లేదు. వీధి మాత్రం దాటలేదు.

నెమ్మదించింది. అది కూడా రాయాలి. తడి కవర్లు పొడి గదిలోకి వెళ్ళక, ఆ కొద్ది రోజులూ దిబ్బ మీద పొగ లేదు. సాయంత్రాలు కిటికీలు తీసి ఉంచాను. కాలువ నీళ్ళ వాసన ఇంట్లోకి వచ్చింది. ఆ వాసన ఉంటుందన్న సంగతే మరిచిపోయాను. నెబ్యులైజర్ తుడిచి అట్టపెట్టెలో పెట్టాను.

కొన్నాళ్ళకి ఎర్ర దీపాలు తగ్గాయి. ఇంకొన్నాళ్ళకి అసలు లేవు. ఊరంతా మళ్ళీ ఆకుపచ్చ. బండి ఆవిడ గేటు దగ్గర ఆగి చీర కొంగుతో మొహం తుడుచుకుంటూ అంది.

"బండి భలే తేలిగ్గా వెళ్తందండి. ఊరందరూ ఉపవాసాలేమో."

నేను నవ్వాను. ఆవిడ నవ్వలేదు. బండిలోకి తొంగి చూశాను. కడిగిన పాల ప్యాకెట్లు, అట్టముక్కలు, ఖాళీ సీసాలు, కాసిని కూరగాయ తొక్కులు. ముడివేసిన కవరు ఒక్కటీ లేదు. ఎంగిలి మెతుకు ఒక్కటీ లేదు. ఊరు తినడం మానలేదు కదా.

ఆ రోజు సాయంత్రం వంతెన మీద నిలబడి చూశాను. కాలువలో, గుర్రపుడెక్క మధ్య, కుందేలు చెవులు పైకి పెట్టుకుని కవర్లు తేలుతున్నాయి. కాలువలో పడనివి దొడ్లలో ఉన్నాయి. మా వైపు ఏ దొడ్లో చూసినా ఎండు మట్టలకి, డొక్కలకి కరువు లేదు. వాటి మీద కవర్లు పెట్టి అగ్గిపుల్ల గీస్తే చాలు. ఇంతకుముందు ఒక్క చోట నుంచి వచ్చే పొగ ఇప్పుడు ప్రతి కొబ్బరిచెట్ల గుంపులోంచీ సన్నగా లేస్తోంది.

మా అత్తగారు సాయంత్రాలు మట్టలు సర్దడానికి ఇంటి వెనక మా తోట చివరికి వెళ్తున్నారు. చాలా రోజులుగానే వెళ్తున్నారు. ఆ రోజు నేను వెనకాలే వెళ్ళాను. తోట చివర కంచె పక్కన చిన్న మంట. దాని మీద మా ఇంటి కవర్లు. పాప డైపర్లు కూడా. ఆవిడ నన్ను చూసి కంగారు పడలేదు.

"గాలి అటుంది అమ్మాయ్. చూసే పెట్టేను. మన పాపకి రాదు."

అటు చూశాను. కంచెకి అవతల రేకుల ఇల్లు. వరండాలో చీరతో కట్టిన ఉయ్యాల.

"అటువైపూ ఉయ్యాల ఉంది కదండీ" అన్నాను.

"మరి ఎర్రది వచ్చిందంటే నీ మొగుడి పేరు గ్రూపులో పెట్టరా? నీ మొగుడు ఊళ్ళో తలెత్తుకుని తిరగద్దా?" అన్నారు. కర్రతో కవరుని మంటలోకి తోస్తూ మళ్ళీ మెల్లగా అన్నారు. "వాళ్ళూ పెడతారు. మనకి వచ్చేది వాళ్ళదే."

ఇంటికి వచ్చేశాను. ఆవిడ మీద కోపం తెచ్చుకుందామని చూశాను, రాలేదు. మనవరాలి కోసమే గాలి చూసి అంటిస్తున్నారు. అవతలివాళ్ళు కూడా వాళ్ళ పిల్ల కోసమే గాలి చూసుకుంటారు.

ఇంజినీరు అబ్బాయికి మళ్ళీ ఫోను చేశాను. అప్పటికే వేరే జిల్లాకి వేశారట. ఓపిగ్గా విన్నాడు.

"బండిలోకి వచ్చినదే దానికి తెలుస్తుంది మేడం. రానిది దానికి లేనట్టే." మళ్ళీ తనే, "మీ ఊరిని మాదిరి ఊరిగా చూపిస్తున్నాం తెలుసా? ముడి కవర్లు పట్టుకోవడం మీ ఊళ్ళోనే నేర్చుకుందని" అన్నాడు. సంతోషించమనే చెప్పాడు పాపం. కాలువ గట్టు మీద కూడా కెమెరాలు పెట్టే ఆలోచన ఉందట. గట్టు మీద పెడితే తోటలోకి వెళ్తారు, తోటలో పెడితే ఇంకెక్కడికో వెళ్తారు. నేను యంత్రానికి ఒకటి నేర్పేలోపు ఊరు రెండు నేర్చుకుంటుంది. ఇదంతా ఆ అబ్బాయితో అనలేదు. థాంక్స్ అండీ అని పెట్టేశాను.

ఈ వారం పాపకి దగ్గు ఎప్పుడూ లేనంతగా వచ్చింది. అమలాపురంలో ఆసుపత్రిలో ఉంచారు. ఆక్సిజన్ గొట్టం పీకేసుకోకుండా దాని చేతులు పట్టుకుని కూర్చున్నాను. డాక్టరుగారు పంపించేటప్పుడు ఆ మాట మళ్ళీ అనబోయి, నా మొహం చూసి ఆగిపోయారు. ఆయన అని ఉంటేనే బాగుండేది.

ఇల్లు నిద్రపోయింది. పాప ఊపిరి ఈ గదిలోకి వినిపిస్తోంది. ప్రతిసారీ చివర సన్నటి ఈల. ఆ ఈల వినిపిస్తున్నంతసేపూ రాస్తున్నాను.

ఈ రోజు ఉదయం పాపకి నెబ్యులైజర్ మాస్కు పెట్టి, దాన్ని ఒళ్ళో కూర్చోబెట్టుకున్నాను. మిషను హోరులో కూడా బండి పాట దానికి వినబడింది. మాస్కు తీయనివ్వలేదని కాళ్ళు కొట్టుకుంటే, మిషనుతో సహా ఎత్తుకుని కిటికీ దగ్గరికి తీసుకెళ్ళాను. అత్తగారు గేటు దగ్గర కడిగిన పాల ప్యాకెట్లు వేశారు. దీపం వెలిగింది.

"మా పాపగారికి ఆకుపచ్చండోయ్!" అని బండి ఆవిడ కిటికీ వైపు చెయ్యి ఊపింది.

పాప మాస్కు వెనక ఏదో అంది. అర్థం కాలేదు. రెండు చేతులూ కలిపి చప్పట్లు కొట్టబోయింది, ఓపిక చాలక అలా కలిపే ఉంచింది. నా ఫోను మోగింది. ఈ వారం మా ఇల్లు ఆదర్శ గృహమని మెసేజ్.

బండి వెళ్ళిపోయాక అత్తగారు వెనక వరండాలోకి వచ్చారు. అక్కడ ముడివేసిన కవరు ఒకటి, చీపురు పక్కన, సాయంత్రం కోసం ఉంది. ఆవిడ నడుం మీద చెయ్యి పెట్టుకుని, కొబ్బరి మొవ్వులు ఎటు ఊగుతున్నాయో తలెత్తి చూశారు.

నేనూ చూశాను.